కథనం, పాఠవిశ్లేషణ, నటన: తోలుబొమ్మలాట - బళ్ళారి రాఘవ నటసంప్రదాయాల పరిశీలన

వ్యాససంగ్రహం:

నటన పుట్టుకతో వచ్చే వరం అన్న అభిప్రాయం తెలుగు నాటక విమర్శలో బలంగా పాతుకుపోయింది. అందువల్ల మహానటుల గురించి ప్రశంసలు మిగిలాయి గానీ వారి సాధనామార్గం చర్చకు రాలేదు. అనంతపురం కరువు సీమలో నటనను నేర్పిన మార్గాలు రెండున్నాయి. నిమ్మలకుంట తోలుబొమ్మలాట కళాకారులది కథను విని, చెప్పి నేర్చుకునే మార్గం. తాడిపత్రిలో పుట్టి బళ్ళారిలో పెరిగిన రాఘవది నాటకపాఠాన్ని విప్పి చదివి పాత్రను కట్టుకునే మార్గం. ఈ రెండింటి స్వరూపాన్ని, పరిమితులను, పరస్పర సంబంధాన్ని వివేచించి, తెలుగు శాఖల్లో నాటక బోధనకు వాటి వల్ల కలిగే ప్రయోజనాన్ని సూచించడం ఈ వ్యాసం ఉద్దేశం.

కీలకపదాలు: నటన, కథనం, పాఠవిశ్లేషణ, తోలుబొమ్మలాట, బళ్ళారి రాఘవ, ధర్మవరం కృష్ణమాచార్యులు, వాచికాభినయం, అన్వయం.

1. ఉపోద్ఘాతం:

బళ్ళారి రాఘవ (1880-1946) గురించి రాసిన వ్యాసాల్లో కొన్ని ఘట్టాలు తప్పక కనిపిస్తాయి. 1927లో గాంధీజీ 'దీనబంధు కబీర్' ప్రదర్శన చూసి ఆనందించడం, 1928లో రాఘవ ఇంగ్లాండు వెళ్లి బెర్నార్డ్ షాను కలుసుకోవడం, షేక్స్పియర్ పాత్రలను ఆంగ్లంలో అభినయించి మెప్పించడం అటువంటివి. ఇవన్నీ ఆయన కీర్తికి సాక్ష్యాలు. ఆ కీర్తి ఏ పనివల్ల వచ్చిందన్న ప్రశ్నకు మాత్రం ఇవి జవాబు చెప్పవు. "సహజ నటుడు" అన్న మాటతో విమర్శకులు ఆ ప్రశ్నను దాటవేస్తూ వచ్చారు. 'సహజం' అనగానే అక్కడ నేర్చుకోవడానికి ఏమీ లేదన్న అర్థం వస్తుంది. నేర్చుకోవడానికి లేనిది బోధించడానికీ ఉండదు.

ఈ దాటవేత వల్ల నష్టపోయేది నాటక విద్యార్థి. తెలుగు శాఖల్లో నాటకం ఇతివృత్తం, పాత్రచిత్రణ, రసపోషణ అనే శీర్షికల కింద పరీక్షాంశంగా ఉంది. రంగస్థలం మీద నాటకం ధ్వని ముద్రణలను విని అనుకరించే విద్యగా మిగిలింది. చదివేవారు ఆడరు, ఆడేవారు చదవరు అన్న పరిస్థితి ఏర్పడింది. చదవడం, ఆడడం ఒకే పనిగా సాగిన సందర్భాలను తిరిగి గుర్తించడం అందుకే అవసరం.

2. ప్రాంతం, నేపథ్యం:

1882లో బళ్ళారి జిల్లా నుంచి విడదీసి అనంతపురం జిల్లాను ఏర్పాటు చేశారు. రాఘవ 1880లో తాడిపత్రిలో జన్మించేనాటికి ఆ ఊరు బళ్ళారి జిల్లాలోనిదే. ఆయన మేనమామ, ఆంధ్ర నాటక పితామహుడు ధర్మవరం కృష్ణమాచార్యులు (1853-1912) పుట్టిన ధర్మవరమూ అంతే. 1953లో బళ్ళారి అప్పటి మైసూరు రాష్ట్రంలో చేరింది. అప్పటినుంచి ఈ నాటక సంప్రదాయం రెండు రాష్ట్రాల మధ్య చీలి, అనంతపురం వారికి పొరుగూరి చరిత్రగా కనిపించసాగింది. ఆ నాటకాలకు పునాది వేసినవారు ఈ నేలలో పుట్టినవారే.

వర్షాభావం ఈ సీమ జీవితాన్ని నిర్ణయించే అంశం. 1876-78 నాటి ధాత కరువు జ్ఞాపకాలు ఇంకా పచ్చిగా ఉన్న 1886లో కృష్ణమాచార్యులు బళ్ళారిలో సరస వినోదినీ సభను స్థాపించారు. మరోవైపు పల్లెల్లో కథ వినోదంగా ఉంటూనే ప్రార్థన కూడా అయింది. వానలు వెనకపట్టినప్పుడు విరాటపర్వం చదివించడం, ఆడించడం తెలుగు, కన్నడ పల్లెల్లో ఉన్న ఆచారం. కథ చెబితే వాన కురుస్తుందన్న నమ్మకం ఉన్నచోట కథకుడి మాటకు చాలా బరువు ఉంటుంది. వినేవాడు ఆకాశం వంక చూస్తూ వింటాడు. అక్కడ అబద్ధపు గొంతు చెల్లదు.

3. కథనమే శిక్షణ - తోలుబొమ్మలాట:

ధర్మవరం మండలంలోని నిమ్మలకుంట తోలుబొమ్మలకు పేరుపొందిన గ్రామం. 2022 జిల్లాల పునర్విభజన తరువాత ఇది శ్రీసత్యసాయి జిల్లా పరిధిలోకి వచ్చింది. ఈ గ్రామానికి చెందిన దళవాయి చలపతిరావుకు 2020లో పద్మశ్రీ పురస్కారం లభించింది. ఈ కళాకారుల ఇంటి భాష మరాఠీ సంబంధమైనది, ఆట భాష తెలుగు. అంటే ఇక్కడి పిల్లలకు తెర మీది భాష కూడా నేర్చుకోవలసిన విద్యే. ఇంట్లో మాట్లాడే తీరును అలవాటుగా తెర మీదికి తేవడానికి వీలులేదు. ప్రతి మాటనూ చెవితో పట్టి, నోటికి తెచ్చుకోవాలి.

తోలుబొమ్మ ముఖంలో భావం మారదు. చిత్రించిన కన్ను ఆట ముగిసేదాకా అలాగే ఉంటుంది. ఆంగికం చేతుల, మెడ, నడుముల కదలికకు పరిమితం. అందువల్ల భావభారమంతా వాచికం మీద పడుతుంది. ఒకే కళాకారుడు ఒకే రాత్రి అనేక పాత్రలకు గొంతునిస్తాడు. రావణుడి మాట ముగిసిన క్షణంలో విభీషణుడి మాట అందుకోవాలి. ఇది గొంతులు మార్చే విద్య అని పైకి అనిపిస్తుంది. అయితే గొంతు మారడానికి ముందు వైఖరి మారాలి. రావణుడు సభలో ఏమి కోరుతున్నాడో, విభీషణుడు దేనికి భయపడుతున్నాడో తెలియకపోతే రెండు గొంతులూ రెండు శబ్దాలుగా మిగులుతాయి. భరతుడు చెప్పిన 'కాకువు' ఈ వైఖరికి సంబంధించినదే. అదే వాక్యం ప్రశ్నగానో, ఎత్తిపొడుపుగానో, వేడుకోలుగానో మారేది కాకువు వల్లనే.

ఈ ఆటలో మరో విశేషం ఉంది. ముఖ్యపాత్రలకు సందర్భాన్ని బట్టి వేరువేరు బొమ్మలుంటాయి. ఏ ఘట్టంలో ఏ బొమ్మను తెరకు ఎత్తాలో కళాకారుడు ముందుగా నిర్ణయించుకోవాలి. అంటే కథలో పాత్ర స్థితి ఎక్కడ మారిందో గుర్తించాలి. ఆధునిక నటశిక్షణలో పాఠాన్ని ఘట్టాలుగా విభజించి ప్రతి ఘట్టంలో పాత్ర లక్ష్యాన్ని గుర్తించమంటారు. రాతప్రతి ముందు లేకపోయినా తోలుబొమ్మల కళాకారుడు చేసే పని అటువంటిదే. రంగనాథ రామాయణం వంటి ద్విపద కావ్యాలు పాటకు ఆధారమైనా, మధ్య సాగే సంభాషణను ఆనాటి ప్రేక్షకులను బట్టి అల్లుకోవాలి. కేతిగాడు, బంగారక్కల హాస్యం దీనికి పరాకాష్ఠ. వారు కథను ఆపి ఊరి సంగతులు మాట్లాడతారు. ఎక్కడ ఆపితే కథ చెడదో తెలిసినవాడే అలా ఆపగలడు.

తెర వెనుక పెద్దల పక్కన కూర్చున్న పిల్లవాడు దీనివల్ల మూడు విషయాలు నేర్చుకుంటాడు. మొదటిది, తన పాత్ర మాటలకన్నా ముందు కథ మొత్తం తెలియడం. రెండవది, ప్రతి పాత్ర పక్షాన నిలబడి మాట్లాడగలగడం. మూడవది, వినేవారి స్పందనను బట్టి కాలగతిని మార్చుకోవడం. నేటి కళాశాల నాటికల్లో విద్యార్థులకు తమ సంభాషణలున్న పుటలు మాత్రమే చేతికి వస్తాయి. ఈ మూడింటిలో మొదటిదే అక్కడ లోపిస్తుంది.

4. కథనమార్గం పరిమితి:

ఈ పద్ధతి బలం ప్రేక్షకుడికి ముందే తెలిసిన కథలో ఉంది. రామాయణ భారత కథల్లో ఎవరు ఎలాంటివారో తరతరాలుగా స్థిరపడింది. నటుడు ఆ స్థిరరూపాన్ని నిలబెట్టాలి. అయితే 19వ శతాబ్ది చివరి దశకాల్లో వచ్చిన కొత్త నాటకాలకు ఈ ఆధారం చాలలేదు. చారిత్రక నాటకంలోని కల్పిత పాత్రకు, సాంఘిక నాటకంలోని గృహస్థుకు పూర్వరూపం లేదు. తెలిసిన కథను కూడా నాటకకర్త కొత్త దృష్టితో రాసినప్పుడు పాత రూపం అడ్డుపడుతుంది. అప్పుడు నటుడు రచయిత పాఠంలోంచే కథను వెలికి తీసుకోవాలి. పాఠవిశ్లేషణ అవసరం ఇక్కడ మొదలవుతుంది.

'విషాద సారంగధర' ఇందుకు మంచి ఉదాహరణ. సారంగధరుని కథ జనంలో ఉన్నదే. చేమకూర వేంకటకవి దానిని కావ్యంగా రాశాడు. కృష్ణమాచార్యులు దానిని విషాదాంతం చేసి, నాటకం మంగళాంతంగా ఉండాలన్న సంప్రదాయాన్ని కాదన్నారు. ముగింపు మారడంతో పాత్రలన్నీ మారాయి. చివరికి అంతా చక్కబడే కథలో రాజరాజనరేంద్రుడి ఆజ్ఞ తాత్కాలికమైన పొరపాటు. విషాదాంతంలో అదే ఆజ్ఞ తిరిగి తీసుకోలేని తీర్పు.

ఆ ఘట్టంలో రాజును క్రూరుడిగా అభినయించడం సులభం. పాఠాన్ని విప్పి చూస్తే రాజుకు తెలిసినదేమిటి, ప్రేక్షకుడికి తెలిసినదేమిటి అన్న తేడా బయటపడుతుంది. చిత్రాంగి నిందను ప్రేక్షకుడు అబద్ధమని ఎరుగును. రాజు ఎరుగడు. అతని ముందున్నది ఒక పక్షం సాక్ష్యం మాత్రమే. తండ్రిగా కుమారుణ్ణి నమ్మాలి, భర్తగా భార్యను నమ్మాలి, ప్రభువుగా ఎవరి పక్షమూ వహించకూడదు. ఈ మూడు బాధ్యతల మధ్య నలిగి, తాను న్యాయమే చేస్తున్నానని నమ్మి ఆజ్ఞ ఇచ్చే రాజును చూస్తే ప్రేక్షకుడికి భయం కలుగుతుంది. క్రూరుడైన రాజును చూస్తే కలిగేది కోపం మాత్రమే. నాటకం విషాదమవుతుందా, కేవలం దుఃఖకథగా మిగులుతుందా అన్నది ఈ ఒక్క నిర్ణయం మీద ఆధారపడి ఉంది. కృష్ణమాచార్యులు రచయితగా ఆగిపోలేదు. రాజరాజు, బాహుకుడు, దశరథుడు వంటి పాత్రలను స్వయంగా ధరించి మెప్పించారు. రాసిన చేతికి, ఆడిన దేహానికి మధ్య దూరం లేని సందర్భం అది.

5. న్యాయవాదుల నాటకరంగం - రాఘవ పాఠవిశ్లేషణ:

బళ్ళారి నాటకరంగాన్ని తీర్చిదిద్దిన కృష్ణమాచార్యులు, కోలాచలం శ్రీనివాసరావు (1854-1919), రాఘవ ముగ్గురూ న్యాయవాదులు. ఈ విషయాన్ని జీవితచరిత్రల్లో వృత్తి వివరంగా పేర్కొని వదిలేస్తారు. నిజానికి దీనికి విమర్శాత్మక ప్రాధాన్యం ఉంది. న్యాయవాది కాగితాన్ని చదివే పద్ధతి వేరు. ఈ మాట ఎవరు, ఎవరితో, ఎప్పుడు, ఏ ప్రయోజనం కోసం అన్నారు? చెప్పినదేమిటి, దాచినదేమిటి? ముందు చెప్పినదానికి ఇది పొసగుతుందా? ఇవే ప్రశ్నలు నటుడు తన పాత్ర సంభాషణను అడిగితే అది పాఠవిశ్లేషణ అవుతుంది. న్యాయవాదులందరూ నటులు కారు గనుక వృత్తే ప్రతిభకు కారణమని అనలేము. అయితే పాఠాన్ని ప్రశ్నించే అలవాటు ఆ వృత్తిలో నిత్యసాధన అని మాత్రం ఒప్పుకోవాలి.

రాఘవ ధరించిన పాత్రల పట్టిక ఈ కోణం నుంచి గమనించదగినది. కోలాచలం వారి 'రామరాజు' నాటకంలో పఠాన్ రుస్తుం, 'ప్రహ్లాద'లో హిరణ్యకశిపుడు, 'చంద్రగుప్త'లో చాణక్యుడు, షేక్స్పియర్ రచనల్లో షైలాక్, ఒథెల్లో వంటివి వాటిలో ప్రముఖాలు. ఇవి లోకం ఒక తీర్పు ఇచ్చేసిన పాత్రలు. శత్రువు, రాక్షసుడు, కుటిలుడు, లోభి, హంతకుడు అన్న ముద్రలు వాటిపై ఉన్నాయి. అటువంటి పాత్ర పక్షాన వాదించగలవాడే దానిని మనిషిగా నిలపగలడు. హిరణ్యకశిపుణ్ణి అరుపులతో నింపితే రాక్షసుడు వస్తాడు. తమ్ముడు వరాహమూర్తి చేతిలో చనిపోయిన దుఃఖం, ఆ హంతను కన్నకొడుకే కీర్తిస్తున్నాడన్న అవమానం గుర్తుంచుకుని పలికితే తండ్రి కూడా వస్తాడు. కథలో ఈ ఆధారాలన్నీ ఉన్నాయి. వాటిని ఏరి పాత్రకు అమర్చడమే నటుడి పని. రష్యాలో స్టానిస్లావ్‌స్కీ నటుణ్ణి పాత్ర ఉన్న పరిస్థితులను, మాటల వెనుక కోరికను వెదకమన్నది దాదాపు ఇదే కాలం. ఒకరి నుంచి మరొకరు నేర్చుకున్నారని ఊహించవలసిన పనిలేదు. పాఠాన్ని శ్రద్ధగా చదివిన ఇద్దరు నటులు ఒకేచోటికి చేరడం వింత కాదు.

6. పద్యం - అన్వయం - నటన:

రాఘవ మార్గానికి పెద్ద పరీక్ష పద్యం వద్ద ఎదురైంది. తెలుగు నాటకంలో పాటలను, పద్యాలను పెంపొందించినవారిలో కృష్ణమాచార్యులు ముఖ్యులు. మేనల్లుడు రాఘవ రాగాలాపనను తగ్గించి భావానికి ప్రాధాన్యం ఇచ్చారు. ఇంటిలోనే జరిగిన ఈ మలుపును సంగీతానికీ నటనకూ మధ్య తగాదాగా చూడడం పరిపాటి. ఆ దృష్టితో చూస్తే పద్యనాటకాభిమానుల ఆక్షేపణలోనూ బలం ఉంది. ఎడ్లబండ్ల మీద మైళ్ల దూరం వచ్చి తెల్లవారేదాకా కూర్చున్న ప్రేక్షకుడు పద్యం కోసమే వచ్చాడు. అతనికి రాగం అదనపు అలంకారం కాదు, రసానికి దారి.

సమస్య రాగంలో లేదు, అన్వయంలో ఉంది. తెలుగు వాక్యంలో క్రియ సాధారణంగా చివర వస్తుంది. పద్యంలో ఆ క్రియ నాలుగవ పాదం దాకా ఆగవచ్చు, లేదా రెండవ పాదం మధ్యలోనే పడి మరో వాక్యం మొదలుకావచ్చు. పాదాంతంలో ఊపిరి తీసుకుని రాగం సాగదీసే గాయకుడు వాక్యాన్ని తుంచుతాడు. క్రియ ఎక్కడుందో తెలిసిన నటుడు అక్కడిదాకా ఆలోచనను మోసుకుపోతాడు, ఆ తరువాత కావలసినంత ఆలపించవచ్చు. అప్పుడు రాగం భావాన్ని చెరపకుండా పొడిగిస్తుంది.

తెలుగు పండితులు తరగతి గదిలో పద్యానికి చెప్పే ప్రతిపదార్థం, అన్వయం, తాత్పర్యం నిజానికి నటుడికి తొలి సాధనాలు. ప్రతిపదార్థం మాటల బరువును తెలుపుతుంది. అన్వయం ఊపిరిని నిర్ణయిస్తుంది. తాత్పర్యం పాత్ర కోరికను సూచిస్తుంది. అలాగే ముఖ, ప్రతిముఖ, గర్భ, అవమర్శ, నిర్వహణ సంధులను కంఠస్థం చేయించే పేర్లుగా కాక, పాత్ర ప్రయత్నం ఎక్కడ మొదలై ఎక్కడ చిక్కుబడి ఎక్కడ తేలుతుందో చూపే గుర్తులుగా బోధిస్తే అవి రంగస్థలానికి పనికివస్తాయి. పరభాషా సిద్ధాంతాల కోసం వెదికేముందు తెలుగు అధ్యాపకుడు తన చేతిలో ఉన్నదానిని గుర్తించాలి.

7. రెండు మార్గాల సమన్వయం:

తోలుబొమ్మలాట నాట్యధర్మికి, రాఘవ నటన లోకధర్మికి చెందినవి. అందువల్ల వీటిని కలిపి చూడడం పొసగదనే ఆక్షేపణ రావచ్చు. శైలిలో ఈ భేదం వాస్తవమే. సాధనలో మాత్రం రెండింటికీ ఒకే సూత్రం వర్తిస్తుంది. కథలో పాత్ర ఏమి చేయబూనిందో తెలిసిన తరువాతే గొంతు, చెయ్యి, నడక వస్తాయి. కథనమార్గంలో ఈ జ్ఞానం వినికిడి ద్వారా, తరాల అలవాటు ద్వారా కలుగుతుంది. పాఠవిశ్లేషణలో ప్రశ్నల ద్వారా కలుగుతుంది. మొదటిదానికి రెండవది తోడుకాకపోతే నటన మూసలో పడుతుంది. రెండవదానికి మొదటిది తోడుకాకపోతే నటన వ్యాఖ్యానంగా ఎండిపోతుంది.

విరాటపర్వాన్ని తరగతిలో ఈ విధంగా వినియోగించవచ్చు. ఆ కథ మొత్తం వేషానికి సంబంధించినదే. అర్జునుడు బృహన్నలగా, భీముడు వలలుడిగా, ద్రౌపది సైరంధ్రిగా ఏడాది గడుపుతారు. వేషం బయటపడితే మళ్లీ వనవాసం తప్పదు. కీచకుడి చేతిలో అవమానపడిన సైరంధ్రి సభలో మాట్లాడేటప్పుడు ఎదుట కంకుభట్టు రూపంలో ధర్మరాజు ఉంటాడు. ఆమె భార్యగా అడగాలి, దాసిగా పలకాలి. అతడు భర్తగా రగలాలి, ఆశ్రితుడిగా మాట్లాడాలి. ముందుగా విద్యార్థులు ఈ ఘట్టాన్ని ఒక్కొక్క పాత్ర పక్షాన తమ మాటల్లో కథగా చెప్పాలి. తరువాత పాఠం తెరిచి, పైకి అన్న మాట కింద అనలేని మాటను గుర్తించాలి. చివరకు లేచి నిలబడి ఆడాలి. చెప్పడం, చదవడం, ఆడడం అనే ఈ క్రమంలో రెండు సంప్రదాయాలూ కలుస్తాయి. వాన కోసం ఈ నేల చెప్పుకున్న కథే నటుడికి తొలిపాఠం అవుతుంది.

8. ముగింపు:

• 'సహజ నటుడు' అన్న ప్రశంస రాఘవ సాధనను మరుగుపరచింది. ఆయన సహజత్వాన్ని పాఠపఠన ఫలితంగా చూడడం సమంజసం.

• ముఖం మారని తోలుబొమ్మకు ప్రాణం పోసే కళాకారుడు వాచికాభినయంలోనే కాక ఘట్టవిభజనలోనూ నిపుణుడు. ఈ విద్యను జానపద వినోదంగా మాత్రమే వర్గీకరించడం అసమగ్రం.

• కొత్త ఇతివృత్తాలు, కొత్త ముగింపులు వచ్చినప్పుడు కథాపరిచయం ఒక్కటే చాలదు. 'విషాద సారంగధర'లో రాజు పాత్ర ఇందుకు నిదర్శనం.

• ప్రతిపదార్థం, అన్వయం, సంధివిభజన నటశిక్షణకు ఉపకరణాలు. వీటిని బోధించే తెలుగు అధ్యాపకుడు నటశిక్షకుడికి సహాధ్యాయి.

• నిమ్మలకుంట తెర వెనుక పిల్లలు తగ్గిపోతే కథనమార్గం ఆగిపోతుంది. నాటకం ప్రశ్నపత్రానికే పరిమితమైతే పాఠమార్గం ఆగిపోతుంది. ఈ రెండూ ఒకే తరంలో ఆగిపోకుండా చూడవలసిన బాధ్యత నాటకాన్ని బోధించేవారిపైన, పరిశోధించేవారిపైన ఉంది.